ముళ్ళకంప మాటున ఆకుపచ్చ లాంతరు

ఉగాది నాటికి పావగడ తాలూకా రాయచెర్లు చుట్టుపక్కల వేపచెట్లు పూతమీద ఉంటాయి. కానుగలు లేతాకు తొడుగుతాయి. వసంతమంతా కొమ్మల్లోనే. కిందికి చూస్తే ఎర్రమట్టి, గుండ్రాళ్ళు, ఎండి కరకరలాడే గడ్డి. నేలన పుట్టే చిన్న పూలకు వసంతం రావాలంటే ఇక్కడ వానలదాకా ఆగాల్సిందే.

అమెరికా తూర్పు అడవుల్లో తంతు వేరు. అక్కడ క్లేటోనియా అనే చిట్టి మొక్క చలి పోయీపోకముందే తల ఎత్తుతుంది. తెల్లని రేకుల మీద గులాబి చారలు. పెద్దచెట్లు చిగిర్చి కమ్ముకున్నాయంటే ఎండ నేలకు దిగదు కాబట్టి, ఆలోపే పూత, కాయ, గింజ అన్నీ ముగించుకొని వేసవి మొదట్లో మాయమవుతుంది. మిగిలేది మట్టిలోని చిన్న గడ్డ. అక్కడి ఆదివాసులు దాన్ని తవ్వి వండుకునేవారు. వర్జీనియాలో కాపురముంటున్న మనవాళ్ళు ఏప్రిల్‌లో ఇంటివెనక తోపులో చూసీచూడకుండా దాటిపోయేది దాన్నే కావచ్చు.

ఆ మొక్కకు ఎండ కరువు. రాయచెర్లులో ఎండే పంట. తిరుమణి, బలసముద్రం, వళ్ళూరు, క్యాతగానచెర్లు, రాయచెర్లు ఊళ్ళ పొలాలతో సుమారు 13,000 ఎకరాల్లో పరుచుకున్న సోలార్ పార్కు 2018 మార్చిలో ప్రారంభమై, 2019 చివరికి 2,050 మెగావాట్లకు చేరింది. రైతులు భూమి అమ్ముకోలేదు. మొదట్లో ఎకరాకు ఏడాదికి 21,000 రూపాయల చొప్పున గుత్తకిచ్చారు. వరస కరువుల్లో చెనక్కాయ వేసి చేతులు కాల్చుకున్నవాళ్ళకు అది చిన్న సొమ్మేమీ కాదు.

ఇంత ఎండలో గడ్డమొక్క బతకాలంటే దానికి నీడ కావాలి. ఇలాంటి గట్టినేలల్లో ఆ నీడనిచ్చేవి రేగు, పరికి కంపలే. మేకమూతి లోపలికి పోని ఆ ముళ్ళ మధ్యనుంచే సెరోపీజియా అనే సన్నని తీగ పాకుతుంది. దక్కను పొదల్లో ఎక్కువగా కనబడే రకం సెరోపీజియా బల్బోసా. ఎండాకాలమంతా పైన దాని జాడే ఉండదు. అణిగినట్టుండే గడ్డ ఒక్కటే మట్టిలో నిద్రపోతుంది. వాన పడి తేమ దిగగానే మొలక లేస్తుంది. ఆకును చూసి పోల్చుకోబోతే బోల్తా పడతాం: ఒకచోట గడ్డిపోచలా సన్నం, ఇంకోచోట గుండ్రం. పువ్వు రావాలి, అప్పుడు గాని తేలదు.

ఆ పువ్వు ఉంది చూశారూ, దాని పనితనమే వేరు. అడుగున ఉబ్బు, దానిమీద లేతాకుపచ్చ గొట్టం, ఆ పైన ముదురు ఊదా తమ్మెలు ఐదు. తమ్మెల కొసలు పైన ఒకదానితో ఒకటి అతుక్కొని ఉంటాయి, పక్కల సందులుంటాయి. బుల్లి లాంతరనుకోండి. వాసనకు చిన్న చిన్న ఈగలు ఆ సందుల్లోంచి దూరతాయి. గొట్టం లోపలి గోడ జారుడు; దానిమీది నూగు కిందికి వాలి ఉంటుంది. దిగడం తేలిక, ఎక్కడం కుదరదు. అడుగున ఉబ్బులో పడ్డ ఈగ అక్కడే తచ్చాడుతుంది.

ఈ తీగ చేరిన జిల్లేడు కుటుంబపు పూలలో పుప్పొడి పొడిగా రాలదు. రెండు మైనపు ముద్దలు ఒక చిన్న కొక్కేనికి తగిలించి ఉంటాయి. తచ్చాడే ఈగ మూతికి ఆ కొక్కెం పట్టుకుంటుంది. కొన్ని గంటలకో ఒక రోజుకో నూగు వాడిపోతుంది, పువ్వు వాలుతుంది, ఖైదీ ముద్దలతో సహా బయటపడుతుంది. మళ్ళీ ఇంకో పువ్వులో దూరి దాన్ని ఫలింపజేస్తుంది. బుద్ధి రాని ఈగే ఈ తీగకు ఆధారం.

ఆఫ్రికాలోని దాని చుట్టం సెరోపీజియా శాండర్సోనీ మరీ గడుసుది. సాలీడు తేనెటీగను పట్టి తింటుంటే ఆ రసానికి మూగే ఈగలు కొన్ని ఉన్నాయి. గాయపడ్డ తేనెటీగ వెలువరించే వాసననే ఈ పువ్వు పుట్టించి వాటిని రప్పించుకుంటుందని 2016లో పరిశోధకులు తేల్చారు.

బల్బోసాను శాస్త్రలోకానికి పరిచయం చేసింది సామర్లకోటలో ఏళ్ళ తరబడి ఉన్న విలియం రాక్స్‌బర్గ్. కోరమాండల్ తీరపు మొక్కల మీద ఆయన పుస్తకం 1795లో మొదలైంది. బొమ్మలు గీసింది ఇక్కడి చిత్రకారులే. ఈ మొక్కలో ప్రతిభాగమూ తినదగిందేననీ, గడ్డను పచ్చిగానూ కూరల్లోనూ తింటారనీ, రుచి పచ్చి టర్నిప్‌కు దగ్గరనీ రాసుకున్నాడు. పశువుల వెంట తిరిగేవాళ్ళు ఆ సంగతి ఎవరూ చెప్పకుండానే ఎరుగుదురు.

చిక్కు ఏమిటంటే గడ్డ పెరికితే మొక్క మొత్తం పోయినట్టే. కంప కొట్టినా అంతే, నీడ పోతుంది. మిగిలిన ఆశ గింజ. జంట కొమ్ముల్లాంటి కాయలు ఎండి పగిలితే గింజలు జిల్లేడు గింజల మాదిరే పట్టుకుచ్చుతో గాలికి లేస్తాయి. రెండూ ఒకే కుటుంబం మరి. ఎగిరినవాటిలో ఏ గింజైనా మళ్ళీ ఓ ముళ్ళకంప మొదట్లో పడి, తేమ చిక్కించుకుంటేనే కొత్త గడ్డ ఊరుతుంది.