చెట్ల కింద దావత్.. పోగు మాత్రం అందరికీ ఒక్కటే!

మా గోదావరిఖనిలో దావత్‌లు రెండు రకాలు. ఒకటి ఫంక్షన్ హాల్లో అయ్యేది. కవర్ ఇచ్చి, ఫొటో దిగి, బఫే లైన్లో ప్లేటు పట్టుకుని నిలబడితే అయిపోయింది. రెండోది చెట్ల కింద అయ్యేది. దీనికి కార్డు ఉండదు. "ఐతారం చెట్ల కిందికి పోతున్నం, జర పొద్దుగాల రా" అని ఒక్క ఫోన్ వస్తది. అంతే!

నా ఓటు రెండోదానికే. బొగ్గుబాయి కార్మికుడి ఇంట్లో పుట్టినోళ్లకు దీని విలువ బాగా తెలుసు. బాపుది ఓ వారం మొదటి షిఫ్టు, ఇంకో వారం రెండోది, ఆ తర్వాత రాత్రి షిఫ్టు. భూమి లోపల క్యాప్ ల్యాంప్ వెలుగులో పనిచేసే మనిషికి వేపచెట్టు నీడ, ఇంత గాలి, పక్కన దోస్తులు ఉంటే అదే పండుగ. ప్లేడే (సింగరేణిలో వారానికోసారి వచ్చే సెలవు) ఉన్నదంటే చాలు, సామాన్లు సర్దుకునేటోళ్లు. దసరా తర్వాత ఒకటి, 61 ఏళ్లు నిండి ఉద్యోగం దిగిపోయేటోళ్ల కోసం ఒకటి.. సాకులకు కొదవ లేదు. కార్తీకంలోనైతే లెక్క వేరు. ఉసిరిచెట్టు కింద పులిహోర, గారెలు. మాంసం ముట్టరు.

పొయ్యికి మూడు రాళ్లు

మిగతా రోజుల్లో హీరో యాటే. నలుగురైదుగురు కలిసి కొంటారు. తలకాయ, బోటి, కొంత కూర అక్కడే మూడు రాళ్ల పొయ్యి మీద వండుతారు. తోడుగా బగారా అన్నం, పచ్చిపులుసు, మోదుగాకు విస్తర్లు. మిగిలిన మాంసాన్ని కుప్పలు పెడతారు. మెత్తటిది, బొక్కలు, కార్జం.. అన్నీ ప్రతి కుప్పలో పడాలి. దాన్నే పోగు అంటారు. ఇంటికో పోగు.

ఇక కల్లు. గౌడన్న మోకు, ముస్తాదు వేసుకుని తాడెక్కి దింపిన కల్లును తాటాకు రేకలో పోస్తాడు. పెద్దోళ్లు రెండు చుక్కలు నేల మీద చల్లిగానీ నోట్లో పెట్టరు. పొద్దున దింపింది తియ్యగా ఉంటది. ఎండ ఎక్కేకొద్దీ పులిసి ఘాటెక్కుతది. చెట్టు కింద తాగుడులో ఇంకో లాభం ఉంది. దింపింది కండ్ల ముందు కనిపిస్తది. కల్లులో అల్ప్రాజోలం లాంటి మత్తుమందులు కలిపి అమ్ముతూ పట్టుబడ్డ కేసులు మన దగ్గర ఎన్నో ఉన్నాయి. తెలియని చోట తాగొద్దు. తాగినంక బండి ముట్టొద్దు!

చెక్ దేశపోళ్ల తోట విందులూ ఇట్లనే ఉంటాయి. మంట చుట్టూ కూర్చుని లావు సాసేజ్‌లు పుల్లకు గుచ్చి కాల్చుకుంటారు. మనకు కల్లు, వాళ్లకు బీరు. గ్లాసులు తాకించి "నా జ్‌ద్రావీ" అనేటప్పుడు ఎదుటోళ్ల కండ్లలోకి చూడాల్సిందే. వాళ్లకూ ఆస్ట్రవా చుట్టూ బొగ్గు గనుల ప్రాంతం ఉండేది. మన పోగు లాంటిది మాత్రం వాళ్ల దగ్గర ఉన్నట్టు నేను వినలేదు.

ఆ పోగు ఎంత పెద్ద ముచ్చటో 2024 దసరాకు చూశాను. సింగరేణి 2023-24 లాభాల్లో 33 శాతం వాటా ప్రకటించారు. పర్మినెంట్ కార్మికులకు సగటున లక్షా 90 వేలు. కాంట్రాక్టు కార్మికులకు మొదటిసారి తలా 5 వేలు. మా బ్యాచ్‌లో ఇద్దరు పర్మినెంట్, ఒకడు కాంట్రాక్ట్. ఇద్దరూ పొయ్యేది బొగ్గు పనికే. "తలా రెండు వేలు, బ్రాండ్ మందు" అని వాట్సాప్ గ్రూపులో మెసేజ్ పడింది. మా కాంట్రాక్టు దోస్తు "నాకు డ్యూటీ ఉంది" అని పెట్టాడు. ఆ రోజు వాడికి డ్యూటీ లేదని అందరికీ తెలుసు. ఎవ్వరూ మాట్లాడలే.

ఇంట్ల ఈ ముచ్చట చెప్తే బాపు ఒక్కటే అడిగిండు: "పోగు పైసలను బట్టి పెడ్తరా బిడ్డా, ఇంటిని బట్టి పెడ్తరా?"

బ్రాండ్ మందు క్యాన్సిల్. వాటా వచ్చినోళ్లు యాట కొన్నారు. నేను బియ్యం, నూనె తెచ్చాను. వాడికి ఫోన్ చేసి "బోటి నువ్వు తప్ప ఎవడూ సక్కగ కడగడు, వండడు, రారా" అన్నాం. అది అబద్ధం కాదు కూడా. వచ్చాడు. వండాడు. సాయంత్రం అందరితో సమానంగా పోగు పట్టుకుని వాళ్లమ్మ దగ్గరికి పోయాడు.

ఇప్పుడు భయమల్లా చెట్ల గురించే. ఓపెన్‌కాస్టులు వచ్చినంక ఊళ్లు, తోటలు మట్టిదిబ్బల కిందికి పోయాయి. బాపు వాళ్లు కూర్చున్న తావు ఇప్పుడు లేదు. మేం ఇంకాస్త దూరం పోతున్నాం. ఈసారి గ్రూపులో కొత్త రూల్ పెట్టుకున్నాం: తలకెంత అని మెసేజ్ పెట్టొద్దు, ఎవరు ఏం తెస్తారో మాత్రమే రాయాలి. వాడు అప్పుడే రాసేశాడు.. "కట్టెలు, బోటి నావి."