పొద్దున బ్యాంకు, రాత్రి నాటకం... 45 ఏళ్లు తెర మీద మన కోట

కోట శ్రీనివాసరావు గారు 2025 జులై 13న హైదరాబాద్‌లో కన్నుమూశారు. అక్కడ ఆదివారం తెల్లవారుజాము. ఇక్కడ టెక్సస్‌లో మాకింకా శనివారం సాయంత్రమే. 83 ఏళ్లు నిండి మూడు రోజులే అయింది. అంతకు నెల ముందే ఒక ఫొటో అందరి ఫోన్లలోకీ వచ్చింది. బక్కచిక్కిన మనిషి, కాలికి కట్టు. చూసి గుర్తుపట్టడానికి మాకు ఒక నిమిషం పట్టింది.

ప్లేనోలో తెలుగువాళ్లంటే సాఫ్ట్‌వేర్ అనే అనుకుంటారు. సివిల్ డిప్లొమాతో వచ్చి, నెత్తిన హెల్మెట్ పెట్టుకుని ఎండలో కాంక్రీటు పోయించే మాలాంటి వాళ్లం వేళ్ల మీద లెక్కే. కొందరం గల్ఫ్ మీదుగా వచ్చాం, కొందరం చుట్టాల గ్రీన్‌కార్డు పుణ్యమా అని వచ్చాం. కోట గారి కథ మాకు దగ్గరగా అనిపించేది ఇందుకే. ఆయనా ముందు ఉద్యోగస్తుడే. కృష్ణా జిల్లా కంకిపాడులో 1942లో పుట్టారు. స్టేట్ బ్యాంకులో పనిచేస్తూ నాటకాలు వేసేవారు. 1978లో ‘ప్రాణం ఖరీదు’తో సినిమాల్లోకి వచ్చారు. చిరంజీవి నటించి ముందుగా విడుదలైన సినిమా కూడా అదే. కాకపోతే అప్పటికి చిరంజీవి కుర్రాడు, కోట గారికి 36.

పేరు రావడానికి ఇంకో ఏడేళ్లు పట్టింది. టి.కృష్ణ తీసిన ‘ప్రతిఘటన’ (1985)లో మంత్రి కాశయ్య వేషంతో రాష్ట్రమంతా ఆయన గురించి మాట్లాడుకుంది. అప్పటికి 43. మా సైట్లలో అది నడుం నొప్పి మొదలయ్యే వయసు!

ఆ కాశయ్య తెలంగాణ యాసలో మాట్లాడతాడు. ఈ మాట వస్తే మా గదిలో ఇప్పటికీ రెండు జట్లే. “మంచిగనే చేసిండు గానీ అన్నా, చెడ్డోనికి ఎప్పుడూ మా మాటే ఎందుకు పెడ్తరు?” అంటాడు కరీంనగర్ తమ్ముడు. “కంకిపాడు మనిషి ఆ యాస అంత చక్కగా పట్టుకున్నాడంటే గొప్పే కదరా” అంటారు కృష్ణా వాళ్లు. తమ్ముడి బాధ నిజం. కోట గారి నటనా నిజం. తప్పు రాసినవాళ్లదని సర్దుకుని అన్నానికి కూర్చుంటాం.

ఆ తర్వాత రెండేళ్లకు జంధ్యాల గారి ‘అహ నా పెళ్లంట’ (1987). పిసినారి లక్ష్మీపతి! కోడిని పైన వేలాడదీసి, దాన్ని చూస్తూ వట్టి అన్నం తినే ఆ ఘనుడు తెలియని తెలుగువాడు ఉండడేమో. ఆ సీనులో కోట గారు నవ్వించాలని చూడరు. చాలా గంభీరంగా, ఏదో శాస్త్రం ప్రకారం భోంచేస్తున్నట్టు తింటారు. అందుకే నవ్వొస్తుంది. ఈ దేశం వచ్చిన కొత్తలో మనమందరం లక్ష్మీపతులమే కదా! బర్గర్ ధరని రూపాయల్లోకి మార్చుకుని, ఆకలి చంపుకుని, పక్క గుజరాతీ కొట్లో మ్యాగీ కొనుక్కుని వచ్చినవాళ్లమే.

ఆ తర్వాత లెక్క చెప్పడం కష్టం. 750 సినిమాలకు పైనే అంటారు. బాబూమోహన్‌తో నవ్వుల జంట, ‘గాయం’ (1993), ‘గణేష్’ (1998)లలో ఒళ్లు జలదరించే విలనీ, ‘బొమ్మరిల్లు’ (2006)లో ఆడపిల్ల తండ్రి... తొమ్మిది నందులు, 2015లో పద్మశ్రీ. మధ్యలో 1999 నుంచి 2004 దాకా విజయవాడ తూర్పు ఎమ్మెల్యేగా కూడా ఉన్నారు. మాకైతే ఆ ఎమ్మెల్యే గారి కంటే కాశయ్యే ఎక్కువ గుర్తు.

ఇక అసలు సంగతి. కోట గారు ఒక మాట ఎన్నోసార్లు బాహాటంగా అన్నారు. తెలుగు సినిమాలకి పరాయి భాషల నుంచి విలన్లను తెచ్చుకుంటున్నారు, ఇక్కడి నటులు పని లేక కూర్చుంటున్నారు అని. ఊళ్లో ఉన్నప్పుడు ఆ మాటకి చప్పట్లు కొట్టినవాళ్లమే మేం. ప్లేనో వచ్చాక కొట్టలేకపోతున్నాం. ఎందుకంటే ఇక్కడ దిగుమతి సరుకు మనమే. 2025 సెప్టెంబరులో కొత్త హెచ్-1బీ దరఖాస్తులకు లక్ష డాలర్ల ఫీజు పెట్టినప్పుడు వినిపించిన వాదన ఏమిటి? మా పనులు బయటివాళ్లు పట్టుకుపోతున్నారనే కదా! అచ్చం కోట గారి మాటే, భాష వేరు.

అట్లాగని ఆయన్ని తప్పు పట్టబుద్ధి కాదు. ఆయనా పొరుగుకి వెళ్లి పనిచేశారు. తమిళంలో ‘సామి’ (2003), హిందీలో రామ్‌గోపాల్‌వర్మ ‘సర్కార్’ (2005)... వెళ్లిన చోట వేషం నిలబెట్టారు. మాకు అర్థమైనంత వరకు ఆయన కోపం వచ్చినవాడి మీద కాదు, ఇంట్లో ఉన్నవాణ్ణి చూడకుండానే బయటికి కబురు పెట్టేవాడి మీద. మా సైట్లలోనూ అంతే. స్పానిష్ మాట్లాడే మేస్త్రీలతో మాకు తగువు లేదు, నాలుగు మాటలు వాళ్లవి మేం నేర్చుకున్నాం. కూలి తగ్గించి ఒకరి మీద ఒకరిని ఉసిగొల్పేవాడితోనే తగువు. దీనికి ఒప్పుకోని వాళ్లు మాలోనే ఉన్నారు. “మనకో న్యాయం, విలన్లకో న్యాయమా?” అంటారు. వాదన ఇంకా తెగలేదు.

2010 జూన్‌లో కోట గారి కొడుకు ప్రసాద్ హైదరాబాద్‌లో రోడ్డు ప్రమాదంలో పోయారు. ఆ దుఃఖంతోనే ఆయన మళ్లీ మేకప్ వేసుకున్నారు. ఫోన్లో చావు కబురు విని, మర్నాడు పొద్దున్నే డ్యూటీ ఎక్కినవాళ్లు మనలో తక్కువేం లేరు. అదెంత కష్టమో వాళ్లకి చెప్పక్కర్లేదు. 2023 దాకా ఆయన సినిమాలు వస్తూనే ఉన్నాయి.

సినిమార్క్ థియేటర్ల సంస్థ ప్రధాన కార్యాలయం మా ప్లేనోలోనే ఉంది. కొత్త తెలుగు సినిమా వస్తే ఇక్కడ హాళ్లకి కరువు లేదు. పాతవాటికి మాత్రం ఫోనే దిక్కు. ఆదివారం వంట అయ్యాక ‘అహ నా పెళ్లంట’ పెట్టుకుంటాం. ఇక్కడే పుట్టిన పిల్లలకి డైలాగు సగం అర్థం కాదు. అయినా కోడి సీను దగ్గర మాకంటే ముందే నవ్వుతారు. “ఆ తాత కోడిని ఎందుకు తినడు?” అని అడుగుతారు. తలా ఒక జవాబు చెబుతాం.