గుడివాడ వైపు ఇంతమంది నాగేశ్వరరావులు ఎందుకు?

పామర్రు దగ్గరి ఎలకుర్రులో 1867లో పుట్టిన కాశీనాథుని వారి పిల్లాడు నాగేశ్వరరావు. అర్ధశతాబ్దం పైన గడిచాక గుడివాడ పక్క రామాపురంలో అక్కినేని వారింట పుట్టిన పిల్లాడూ నాగేశ్వరరావే. మొదటాయన అమృతాంజనం తయారుచేసి, ఆంధ్రపత్రిక పెట్టి, దేశోద్ధారకుడని పేరు తెచ్చుకున్నారు. రెండో ఆయన 1953లో దేవదాసుగా తెలుగువాళ్లందర్నీ ఏడిపించారు. ఒకరు పంతులుగారు, మరొకరు సేద్యం చేసుకునే ఇంటి బిడ్డ. కులం వేరు, కాలం వేరు, పేరు ఒక్కటి. ఈ ఇద్దరినీ పక్కన పెట్టి చూసినా, బందరు నుంచి అవనిగడ్డ దాకా ఏ ఊరి ఓటర్ల జాబితా తిప్పినా ఈ పేరు తగులుతూనే ఉంటుంది. ఎందుకని?

ముందు పేరు సంగతి. నాగులకు ఈశ్వరుడు నాగేశ్వరుడు, అంటే పామును మెడలో వేసుకున్న శివుడు. పిల్లాడికి పెట్టింది పాము పేరు కాదు, పాముకు యజమాని పేరు. చివరి ‘రావు’ రాజు అన్న మాటే. అది ప్రాకృతంలో ‘రాయ’ అయి, మన దగ్గర రాయలు, రాయుడు, రావు అని చీలింది. ఒకప్పుడు బిరుదు, తర్వాత గౌరవం, ఇప్పుడు పేరుకో తోక. పాత తరాల్లో అదే దేవుడి పేరు నాగయ్య, నాగన్న అని ముగిసేది.

ఇక ఈ నేల సంగతి. కృష్ణా డెల్టా అంటే వరి. వరి ఉన్నచోట ఎలుక, ఎలుక వెనకాల పాము. రాత్రిపూట నీళ్లు మళ్లించడానికి గట్టు మీద నడిచే మనిషికి నాగుపాము, కట్లపాము, రక్తపింజరి పుస్తకాల్లో చదివే జీవులు కావు. వాన ఎక్కువై బొరియల్లోకి నీళ్లు దూరితే అవన్నీ మెరకకు, అంటే గట్ల మీదికీ ఇళ్లలోకీ వస్తాయి. 2018 ఆగస్టులో కృష్ణ సముద్రంలో కలిసేచోట ఉన్న దివిసీమలో పాముకాట్లు వరసగా నమోదై జనం హడలిపోయారు. ఆసుపత్రుల్లో విరుగుడు మందు సంగతి చూసుకుంటూనే మోపిదేవి గుళ్లో సర్పశాంతి యాగం కూడా చేశారు. నవ్వినవాళ్లు నవ్వారు. చీకట్లో పొలానికి వెళ్లేవాళ్లు మాత్రం నవ్వలేదనే నా అనుమానం.

మోపిదేవే ఎందుకు? అక్కడ సుబ్రహ్మణ్యేశ్వరుడు చుట్టలు చుట్టుకున్న పాము మీద లింగంగా ఉంటాడు. నెమలినెక్కి తిరిగే తమిళ మురుగన్‌కు, మన సుబ్బారాయుడికి ఉన్న తేడా ఇదే. కోస్తాలో సుబ్బారాయుడంటే పామే. ఆ లెక్కన సుబ్బారావు, సుబ్బయ్య, నాగేశ్వరరావు పేర్లలో దాయాదులు. ఒకే ఇంట్లో అన్న సుబ్బారావు, తమ్ముడు నాగేశ్వరరావు కావడం ఈ వైపు వింతేం కాదు. మోపిదేవికి దగ్గర్లోనే పెదకళ్ళేపల్లి ఉంది. అక్కడి దేవుడు సాక్షాత్తూ దుర్గానాగేశ్వరస్వామి. నాగులు తపస్సు చేసి శివుణ్ణి మెప్పించిన చోటని స్థలపురాణం. పిల్లలు కలగని దంపతులు ఈ గుళ్లకు వచ్చి మొక్కుకుంటారు. బిడ్డ పుడితే పుట్టువెంట్రుకలు ఇచ్చి, చెవులు కుట్టించి, దేవుడి పేరు పెట్టుకుంటారు. కాబట్టి ఈ పేరును ముచ్చటపడి ఎంచుకున్నారనడం కన్నా బాకీ తీర్చారనడం సబబు. మగపిల్లాడైతే నాగేశ్వరరావు, ఆడపిల్లయితే నాగేశ్వరమ్మ, నాగమణి, నాగలక్ష్మి. కార్తీకమాసంలో నాగులచవితి నాడు చలిమిడి, చిమ్మిలి పెట్టి, పుట్టలో పాలు పోసి, ఆ పుట్టమన్ను పిల్లల చెవులకు రాస్తారు. చెవిపోటు రాకుండా అంటారు పెద్దవాళ్లు. చల్లగా తగిలిన ఆ మన్నుకు మెలికలు తిరగని పిల్లాడు లేడు.

మొక్కు లేకుండా కూడా ఈ పేరు రావచ్చు. అనూరాధ మొదటి పాదంలో పుడితే ‘నా’ అక్షరం వస్తుంది, పంచాంగం చూసి బారసాలలో పళ్లెంలోని బియ్యంలో నాగేశ్వరరావు అని రాసేస్తారు. లేదా తాత పేరు మనవడికి దిగుతుంది. అప్పుడో చిక్కు. మామగారి పేరు నోటితో అనకూడదు కనుక పాతకాలపు కోడలు సొంత కొడుకును పేరు పెట్టి పిలవలేదు, తిట్టనూ లేదు. అందుకని నాగేశ్వరరావు కాస్తా ఇంట్లో నాని అయ్యేవాడు, చిన్నా అయ్యేవాడు. దేవదాసు ఆడాక అభిమానంతో పెట్టుకున్నవాళ్లకు ఈ బాధలేవీ లేవు.

ఇదంతా ఎప్పటి నుంచి? గుడివాడలో పార్శ్వనాథుడి జైనాలయం ఉంది. ఆ తీర్థంకరుడి గుర్తు తల మీది పాము పడగలే. గుడివాడ, ఘంటసాల బౌద్ధ స్తూపాల గురించి పురావస్తు పరిశోధకుడు అలెగ్జాండర్ రీ 1894లోనే పుస్తకం వేశాడు. అమరావతి బౌద్ధ శిల్పాల్లోనూ స్తూపానికి చుట్టుకున్న నాగులు కనిపిస్తారు. జైనం వచ్చింది, బౌద్ధం వచ్చింది, శైవం వచ్చింది, పడగను ఎవరూ తీసిపారెయ్యలేదు. ఆ అమరావతి రాతి మీద చెక్కిన ‘నాగబు’ అన్న పదాన్ని అతి పాత తెలుగు మాటగా గుర్తించింది వేటూరి ప్రభాకరశాస్త్రి. ఆయనదీ పెదకళ్ళేపల్లే. నాగేశ్వరుడి ఊళ్లో పుట్టినాయనకే నాగబు దొరకడం నాకు భలే సరదాగా ఉంటుంది.

కృష్ణ ఒడ్డు నుంచి ఈ నాగం దేశాలు కూడా తిరిగింది. బౌద్ధ తత్వవేత్త ఆచార్య నాగార్జునుడి పేరును చైనావాళ్లు ఉన్నదున్నట్టు పలకకుండా అర్థం తీసుకుని లుంగ్‌షు అన్నారు. నాగానికి డ్రాగన్, అర్జునకు చెట్టు. మన మద్దిచెట్టుకు సంస్కృతంలో అర్జునమనే పేరు కదా, వాళ్లు ఆ లెక్క పట్టారు. అదే జపాన్‌లో ర్యూజు. టిబెట్‌వాళ్ల లుద్రుబ్‌లోనూ మొదటి ముక్క నాగుడే. థాయిలాండులో భిక్షువు కాబోయే కుర్రవాణ్ణి దీక్షకు ముందు ‘నాక్’ అంటారు. మనిషి వేషంలో సంఘంలో చేరి పట్టుబడిన ఒక నాగుడు, తన పేరైనా దీక్ష కోరేవాళ్లకు ఉండనివ్వమని బుద్ధుణ్ణి వేడుకున్నాడని కథ. అంటే అక్కడ దీక్ష తీసుకునే ప్రతి మగపిల్లాడూ కొన్నాళ్లు నాగన్నే.

ఇప్పుడు కొత్తగా నాగేశ్వరరావు అని నిండుగా పెట్టేవాళ్లు తగ్గారు. ముందున్న నాగ మాత్రం పోలేదు. అక్కినేని వారింట్లోనే చూడండి: తాత నాగేశ్వరరావు, కొడుకు నాగార్జున, మనవడు నాగచైతన్య. ఈశ్వరుడు జారాడు, రావు జారాడు, మొక్కు వంతుకు నాగ మిగిలింది. మామూలు ఇళ్లలో అది నాగ సాయి, వెంకట నాగ ఫలానా అని బడి రిజిస్టరులో చేరి, తర్వాత ఒక పొడక్షరంగా ముడుచుకుంటుంది. ఇంట్లో ఎవరూ ఆ ముక్కతో పిలవరు. కుర్రాడు అమెరికా వెళ్లాక పాస్‌పోర్టులో ముందున్న మాటే మొదటి పేరని ఆఫీసులో అందరూ ‘నాగా’ అని పిలవడం మొదలుపెడతారు. పక్క సీటులో ఇండోనేషియా నుంచి వచ్చినవాడెవడైనా ఉంటే ఇంకా తమాషా, వాళ్ల భాషలో నాగ అంటే డ్రాగన్.