అరచేతిలోని పూల్ బల్ల

శ్రీరాముడు సీతాపహరణవార్తను విన్న కొండ గనుక వినుకొండ యను పేరు కలిగెనని మా ప్రాంతపు పెద్దలు చెప్పుదురు. ఆ కొండ దిగువ వీధులలో, మధ్యాహ్నభోజనములై అంట్లు తోమి బోర్లించిన పిమ్మట, నేడొక క్రొత్త చప్పుడు వినవచ్చుచున్నది. రెండు బంతులు టక్కున తాకిన చప్పుడు. వెంటనే ఒకటి గుంటలోనికి జారిన చప్పుడు. తీరా చూడబోయిన అరుగుమీద బంతియు లేదు, గుంటయు లేదు. ఒక ఆడుబిడ్డ ఫోనుమీద వ్రేలుంచి, వెనుకకు లాగి విడిచినది, అంతే.

దీనిని పూల్ ఆట యందురు. పిల్లల చేతిలో దీనిని చూచిన తల్లులు తఱచుగా మమ్మడుగు ప్రశ్న యొక్కటే: ఇది ఆటయా, జూదమా? తొందరపడి ఒక్కమాటలో ప్రత్యుత్తర మిచ్చినయెడల ఆటకు అన్యాయమైనను జరుగును, సంసారమునకు హానియైనను కలుగును. కావున మొదట ఆట యెట్టిదో చూతము.

క్యారమ్స్ ఆడిన సోదరీమణులకు దీనిని తెలుపుట కష్టము గాదు. అచ్చటి స్ట్రైకరు వంటిది ఇచ్చటి తెల్లబంతి. నాలుగు మూలల గుంటలకు తోడు పొడవు ప్రక్కల నడుమ మఱి రెండు గలవు. తెల్లబంతిగాక పదునైదు బంతులు: 1 మొదలు 7 వఱకు నిండురంగువి, 9 మొదలు 15 వఱకు చారలవి, 8వది నల్లనిది. ఒకరు నిండురంగు బంతులను, రెండవవారు చారల బంతులను గుంటలలో వేయవలెను. తనవన్నియు ముగిసిన పిమ్మటనే నల్లబంతి జోలికి పోవలెను. ముందే పడవేసినవారు ఓడినట్లే. తెల్లబంతి గుంటలో పడుట తప్పు. అప్పుడు ఎదుటివారు దానిని తమ కనువైనచోట నుంచుకొని ఆడుదురు. గోలీలాటలోని గుఱి, క్యారమ్స్‌లోని కోణము, వామనగుంటలలోని ముందుచూపు, ఈ మూడును ఇందు కూడినవని మా యభిప్రాయము.

అసలు బల్ల మాట వేఱు. పెద్దబల్లపై ఆటస్థలమే 100 అంగుళముల పొడవు, 50 అంగుళముల వెడల్పు. పైని పచ్చనిగుడ్డ మన ప్రత్తినూలుది గాదు, ఉన్నిది. దాని క్రింద పలకరాతి బండ. ఒక్కొక్క బంతి యడ్డుకొలత 57 మిల్లీమీటర్లు. కొట్టు కఱ్ఱ అరకిలోకు కొంచెము పైగా తూగును. ఇట్టి బల్ల మన యిండ్లలో పట్టదు, పట్టినను కొనజాలము. దీని తోబుట్టువగు స్నూకరు మన దేశముననే, జబల్పూరులో 1875వ సంవత్సరమున నెవిల్ చేంబర్లేన్ అను ఆంగ్ల సైనికోద్యోగి చేత రూపొందెను. పుట్టుట ఇచ్చట పుట్టినను పెరుగుట దొరల క్లబ్బుగదులలో పెరిగినది. 1958లో విల్సన్ జోన్స్ బిలియర్డ్సు ఆటయందు అమెచ్యూరు ప్రపంచవిజేతయై దేశమునకు కీర్తి తెచ్చెను. స్త్రీలును వెనుకబడలేదు: బెంగుళూరి చిత్రా మగిమైరాజ్ 2006లోను, ఉమాదేవి నాగరాజ్ 2012లోను మహిళల ప్రపంచ బిలియర్డ్సు పోటీలలో విజయము నొందిరి. అయినను మన పల్నాటి పట్టణములలో స్నూకరు గది యొకటి యున్నదనుకొందము. అచ్చటికి పదునాఱేండ్ల పిల్లను ఒంటరిగా పంపు తల్లి యెవరు? మగపిల్లవానిని పంపుటకే సంకోచింతుము. ఆ గది గుమ్మము దాటకుండనే ఆడుబిడ్డకు ఈ యాట దక్కినది ఫోనువలననే. ఈ సంగతిని మఱచి మాటలాడువారితో మేము ఏకీభవింపజాలము.

యంత్రములో ఈ యాటను ఆడించుట నిన్నమొన్నటి ముచ్చట గాదు. 1954లో అమెరికాయందలి మిచిగన్ విశ్వవిద్యాలయమున మిడ్సాక్ అను కంప్యూటరుమీద విలియం బ్రౌన్, టెడ్ లూయిస్ అను నిరువురు పూల్ ఆటను వ్రాసి, చూడవచ్చినవారి యెదుట తెరమీద బంతులను పరుగెత్తించిరి. ఆ పనికి వలసిన గణితము అంతకు నూఱేండ్లకు పూర్వమే సిద్ధమైయుండెను. ఫ్రాన్సు దేశపు కోరియోలిస్ పండితుడు బిలియర్డు బంతుల గమనమును గూర్చి 1835లోనే ఒక గణితగ్రంథమును వెలువరించెను. 1995లో వర్చువల్ పూల్ అను ఆట యింటి కంప్యూటర్లలోనికి వచ్చెను. నేడు పిల్లలు విశేషముగా నాడు 8 బాల్ పూల్ అను ఆటను మినిక్లిప్ సంస్థవారు 2010లో వెలువరించిరి.

ఫోను ఇందులో చేయునది లెక్క. వ్రేలు లాగిన దూరమునుబట్టి బలమును, చూపిన దిక్కునుబట్టి త్రోవను గ్రహించి, క్షణమును అతిసూక్ష్మభాగములుగా కోసి, ప్రతిభాగమునకును ఏ బంతి యెచ్చటనున్నదో గుణించి చూపును. కోత ముతకయైనచో ఒక బంతి మఱియొక బంతిలోనుండి దయ్యమువలె దూసికొనిపోవును! నున్నని గచ్చుమీద కొబ్బరికాయను విసరిన, అది మొదట కొంత జారి, పిమ్మట దొర్లుట చూచియే యుందురు. తెల్లబంతియు నట్లే. జారునప్పు డొక తీరు, దొర్లునప్పు డొక తీరు తగులును. అడుగుభాగమున కొట్టిన బంతి వెనుకకు తిరుగుచునే ముందుకు జారిపోయి, ఎదుటిబంతిని తాకి, పిలిచినట్లు మరలివచ్చును. పిల్లలు దీనిని మాయ యనుకొందురు.

మాకు మిక్కిలి ముచ్చట గొలిపినది మఱియొకటి. తిరుగుడు లేక జారివచ్చిన తెల్లబంతి, తనంత బరువే గల బంతిని ప్రక్కగా తాకినచో, రెండును లంబకోణముగా విడిపోవును. సరిగా నడినెత్తిన తాకినచో తెల్లబంతి నిలిచిపోవును, రెండవది దాని వేగమును పుచ్చుకొని పోవును. పదవ తరగతి పుస్తకములో కంఠస్థము చేసి మఱచిన కోణము, ముగ్గు గీచినట్లు కన్నులయెదుట తెరచుకొనును. బంతి పోవలసిన త్రోవను ఫోను సన్నని గీతగా చూపును. కొన్ని బల్లలలో ఆ గీత యుండదు, అచ్చటనే తెలివి బయటపడును. ఇక కఱ్ఱ బరువు, ఎడమచేతి వ్రేళ్ళపై దానిని నిలుపు నేర్పు, ఇవి ఫోనువలన రావు. ఫోనులో గెలిచినవారందఱును బల్లమీద గెలువలేరు.

ఇంతవఱకు ఆట. ఇక రెండవవైపు.

ఆటలో ప్రతి పందెమునకు ఇరువురును కొన్ని నాణెములు ఒడ్డవలెను. గెలిచినవారు రెండుపాళ్ళును తీసికొందురు. ఇవి ఉత్త బొమ్మనాణెములు, రూపాయలుగా మారవు. కాని నాణెములు అయిపోయినప్పుడు అసలు రూపాయలిచ్చి కొనుమని ఫోను పిలుచును. రూపాయలు పోవు ద్వారము గలదు, వచ్చు ద్వారము లేదు. జూదము గాకున్నను జూదపు నడక దీనికి పట్టుబడినదని చెప్పక తప్పదు. ఇదిగాక, ఇదే బల్లను, ఇవే బంతులను పెట్టి నిజమైన రూపాయల పందెము లాడించిన యాప్‌లు వేఱుగా నుండెను. పిల్లవాడు ఏది యాడుచున్నదియు చూచిన తల్లికి తెలియదు. రెండును ఒకే పచ్చనిబల్ల.

పూర్వము జూదరియగు భర్త ఇంటినుండి రూక తీసికొని పేకాటక్లబ్బునకు నడచిపోవలసియుండెను. ఆ నడకలో భార్య యెదురుపడవచ్చును, పెట్టె తాళముచెవి ఆమె కొంగున నుండవచ్చును. నేడు మిరపకాయలు కోసిన కూలి, ప్రత్తి తీసిన కూలి, కాయలమ్మిన సొమ్ము పెక్కిండ్లలో ఫోనుద్వారముననే బ్యాంకునకు చేరుచున్నవి. అప్పిచ్చు యాప్ దానిలోనే, ఆటబల్లయు దానిలోనే. పెట్టెయు క్లబ్బును ఒకటైనవి. కల్లములలో ఎండలో కూర్చుండి తొడిమలు తీసిన స్త్రీ కూలి, ఆమె నిద్రించుచుండగా ప్రక్కనే తరలిపోవచ్చును. నిండుసభలో ద్రౌపది యడిగిన ప్రశ్న, ఓడినవానికి నన్నొడ్డు హక్కు ఎక్కడిదని, ఇట్టి యిల్లాలి నోట వినిపించిన ఆశ్చర్యమేమి?

ప్రభుత్వములు చూచుచు ఊరకుండలేదు. తెలంగాణము 2017లోను, ఆంధ్రప్రదేశము 2020లోను తమ జూదచట్టములను సవరించి, ఇంటర్నెట్టుమీది డబ్బుపందెముల నిషేధించెను. 2020లోనే రాష్ట్రప్రభుత్వము 132 వెబ్‌సైట్లను, యాప్‌లను నిలుపుమని కేంద్రమును కోరెను. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికిని చట్టము చేసెను. దానినిబట్టి, నేర్పుమీద నడుచునదైనను అదృష్టముమీద నడుచునదైనను, డబ్బు గెలుచు నాశతో డబ్బు కట్టి యాడు ఇంటర్నెట్టు ఆట నిషిద్ధము. ఆడించువారికి మూడేండ్లవఱకు కారాగారము, కోటి రూపాయలవఱకు జుల్మానా. ఆడి నష్టపోయినవారిని ఆ కేంద్రచట్టము దండింపదు. ఉత్త వినోదమునకైన ఆటలను, పోటీక్రీడలను అది వేఱుగా నుంచినది. ఈ విభజనమే సరియైనదని మా నిశ్చయము. ఇంటిలోను ఈ గీతనే గీయవలెను.

కాని ఇంటిలో జరుగుచున్న దేమి? పందెముల వార్త పత్రికలో చదివినదినమున ఆడుపిల్ల చేతినుండి ఫోను లాగుకొందురు. మగపిల్లవాడు చెప్పులు తొడిగికొని వీధిలోనికి పోవును, అతనికి వేఱొక ఫోను దొరకును. ఈ న్యాయము మాకు రుచింపదు. లాగవలసినది ఆట గాదు, దాని సంచిమూతి. ఫోనులో కొనుగోళ్ళకు రహస్యసంకేత మడుగునట్లు అమర్చవచ్చును. ఆ సంకేతము ఇల్లాలికి మాత్రము తెలిసియుండుట మేలు. ఆటఫోనునకు బ్యాంకును తగిలింపకుండుట అంతకంటె మేలు. ముక్కుమొగ మెఱుగనివారు ఫోనులో పలుకరించినయెడల పిల్లలు పేరు, ఊరు చెప్పరాదు. నాణెము లైపోయిన దినమున ఆట కట్టిపెట్టవలెను. మఱునాటికి కొన్ని ఉచితముగనే వచ్చును.

క్యారమ్స్ బల్ల యున్న యిండ్లలో మఱొక వినోదము గలదు. లంబకోణపు సంగతిని సాయంకాలము పిల్లలతో కూర్చుండి, బోర్డుమీద పౌడరు చల్లి పరీక్షింపుడు. కాయతో కాయను ప్రక్కగా కొట్టిన, రెండు జాడలును ఇంచుమించు లంబముగనే విడును. స్ట్రైకరుతో కొట్టినప్పుడు కోణము తగ్గిపోవును. ఏలయని పిల్లలు తప్పక అడుగుదురు. కాయకంటె స్ట్రైకరు రెండుమూడింతలు బరువు.