గల్ఫ్‌లో ఉన్నా ఎఫ్‌ఐఆర్‌లో పేరు! కేసు ఎప్పుడు కొట్టేస్తారు?

ఊళ్లో తమ్ముడి కాపురంలో గొడవ. మరదలు పోలీస్ స్టేషన్‌కు వెళ్లింది. ఫిర్యాదులో భర్త, అత్తమామలతో పాటు దుబాయ్ క్యాంపులో ఉన్న బావ పేరు కూడా చేరింది. ఇక ఆ బావకు నిద్ర ఉండదు. ఎయిర్‌పోర్టులో పట్టుకుంటారేమోనని సెలవు దొరికినా ఇంటికి పోడు. క్యాంపుల్లో ఇలాంటి బాధలు మేము తరచుగా వింటున్నాం. అందుకే ఈ వివరాలు.

ఆధారం లేని కేసును విచారణ దాకా పోకుండా కొట్టివేసే అధికారం హైకోర్టుకు ఉంది. దీన్నే క్వాష్ పిటిషన్ అంటారు. పాత చట్టంలో ఇది 482 సెక్షన్. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త చట్టంలో 528. మన వాళ్లు హైదరాబాద్‌లోని తెలంగాణ హైకోర్టుకో, అమరావతిలోని ఏపీ హైకోర్టుకో వెళ్లాలి.

ఎలాంటి కేసులు నిలబడవు?

హర్యానా మాజీ ముఖ్యమంత్రి భజన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు 1990లో ఏడు సందర్భాలు చెప్పింది. వాటిలో ముఖ్యమైనవి: ఫిర్యాదులో రాసిందంతా నిజమనుకున్నా నేరం కనిపించకపోవడం, ఏ తెలివైన మనిషీ నమ్మలేని ఆరోపణలు, కక్షతో పెట్టిన కేసు.

వరకట్న వేధింపుల కేసుల్లో బంధువులందరినీ కలిపి "వేధించారు" అని రాస్తే చాలదని సుప్రీంకోర్టు 2022లో బీహార్ కేసులోనూ, 2024 డిసెంబరులో తెలంగాణ కేసులోనూ చెప్పింది. ఎవరు, ఎప్పుడు, ఏం చేశారో స్పష్టంగా ఉండాలి. అయితే నిజంగా హింస పడ్డ ఆడపడుచు నోరు మూసుకోవాలని దీని అర్థం కాదని కూడా ఆ తెలంగాణ తీర్పులోనే కోర్టు స్పష్టం చేసింది.

పాస్‌పోర్టే సాక్షి

సాధారణంగా క్వాష్ దశలో సాక్ష్యాలు తూచరు. అది కింది కోర్టు పని. కానీ అవతలివారు కాదనలేని గట్టి పత్రం ఉంటే చూడవచ్చని 2013లో సుప్రీంకోర్టు చెప్పింది. ఫలానా రోజు ఇంట్లో కొట్టాడని రాసి ఉంటే, ఆ రోజు మీరు గల్ఫ్‌లో ఉన్నట్టు పాస్‌పోర్టు ముద్రలు చూపడం ఎంతో ఉపయోగం. పాత పాస్‌పోర్టులు, టికెట్లు, డ్యూటీ రికార్డులు పారేయకండి. ఒక్క మాట. ఫోన్‌లో బెదిరించి డబ్బు అడిగారన్న ఆరోపణకు మాత్రం గల్ఫ్‌లో ఉన్నామన్న జవాబు సరిపోదు.

భయపడి దాక్కోవద్దు

ఏడేళ్ల లోపు శిక్ష పడే కేసుల్లో పోలీసులు వెంటనే అరెస్టు చేయరాదని, అవసరం ఉందో లేదో ముందు చూడాలని 2014లో సుప్రీంకోర్టు చెప్పింది. మామూలుగా ముందు నోటీసు ఇస్తారు. దానికి జవాబు ఇవ్వకుండా ఉంటేనే వారెంటు, లుకౌట్ సర్క్యులర్ దాకా పోయే ప్రమాదం. ఇంటివాళ్లతో ఎఫ్‌ఐఆర్ కాపీ తీయించండి, మీ పేరు పక్కన ఏం రాశారో చదివించండి. వకాలత్ పత్రంపై ఇక్కడి భారత కాన్సులేట్‌లో సంతకం ధ్రువీకరించుకోవచ్చు. వకీలు ఖర్చు భరించలేని కుటుంబం ఊళ్లో నుంచి 15100కు ఫోన్ చేస్తే ఉచిత న్యాయ సహాయం గురించి చెబుతారు.

క్వాష్ పిటిషన్ వేసినంత మాత్రాన కేసు ఆగదు. స్టే విడిగా అడగాలి. కొట్టివేయకపోయినా దారి మూసుకుపోదు. కింది కోర్టులో మన మాట చెప్పుకునే హక్కు అలాగే ఉంటుంది.