సముద్రము దాటిన తీర్థయాత్ర



కాశీ, రామేశ్వరం, బదరీ యాత్రలు పూర్తి చేసుకొన్న భక్తులలో కొందరు ఇటీవలి కాలంలో విదేశాలలోని ప్రాచీన దేవాలయాలను దర్శించుటకు బయలుదేరుతున్నారు. యాత్రా సంస్థలవారు ముప్పది, నలుబది మందిని ఒక బృందంగా కూర్చి, పదిహేను పదహారు రోజులలో థాయిలాండ్, కంబోడియా, వియత్నాం, ఇండోనేషియా దేశాలను చూపించి తీసుకొనివస్తారు. విమానము, బస, భోజనము, మార్గదర్శి అన్నీ వారే ఏర్పాటు చేస్తారు. పింఛను సొమ్ములో కొంత కూడబెట్టుకొని వెళ్ళే వృద్ధదంపతులు వీరిలో అనేకులు. వారికి ఇది జీవితంలో ఒక్కసారి మాత్రమే సాధ్యమయ్యే ప్రయాణం.

అయితే తిరిగివచ్చినవారి నోట రెండు మాటలు తరచుగా వినిపిస్తున్నాయి. "అంత దూరం పోతే గర్భాలయంలో మూర్తి లేదు, దీపం లేదు, తీర్థప్రసాదాలు లేవు" అని కొందరు నిరుత్సాహపడతారు. "అదంతా ఒకప్పుడు మనదే" అని మరికొందరు గర్వపడతారు. మొదటివారు అక్కడ లేనిదానిని వెదికారు. రెండవవారు ఉన్నదానిని తమ ఖాతాలో వ్రాసుకొన్నారు. దర్శనం మాత్రం ఇరువురికీ దక్కలేదు. బయలుదేరుటకు ముందే, ఏ క్షేత్రంలో ఆరాధన నేడు ఏ స్థితిలో ఉన్నదో తెలిసికొన్నవారికి ఈ చిక్కు రాదు. ఆ సంగతిని వివరించుటకే ఈ ప్రసంగం.

ముందుగా ఒక సందేహం తీర్చుకోవాలి. సముద్రయానం నిషిద్ధం కాదా అని పెద్దలు అడుగుతారు. బౌధాయన ధర్మసూత్రం సముద్రయానాన్ని పతనహేతువులలో చేర్చిన మాట నిజమే. కలివర్జ్యాలను చెప్పిన గ్రంథాలలోను అది కనబడుతుంది. కానీ ఆచరణ వేరొక కథ చెబుతున్నది. బోర్నియో ద్వీపంలోని కుటై ప్రాంతంలో, సుమారు క్రీస్తుశకం 400 నాటివిగా పండితులు నిర్ణయించిన ఏడు యూపస్తంభాలు లభించాయి. వాటిపై సంస్కృత శాసనాలున్నాయి. మూలవర్మ అనే రాజు యజ్ఞం చేసి గోదానం చేసినట్లు, అక్కడికి వచ్చిన విప్రులు ఆ యూపాన్ని నిలిపినట్లు వాటిలో ఉన్నది. పదహారు శతాబ్దాల క్రిందటనే సముద్రానికి ఆవల యజ్ఞశాల వెలిసినదన్నమాట. నియమం పాటించే కుటుంబాలవారు తమ గురువుల అనుజ్ఞ తీసికొని బయలుదేరుట ఉచితం. ఆ విషయంలో ఇతరులు తీర్పు చెప్పనక్కరలేదు.

ఈ యాత్రలు సాధారణంగా బ్యాంకాక్ నగరంతో ఆరంభమవుతాయి. అక్కడి విమానాశ్రయం పేరు సువర్ణభూమి. లోపల క్షీరసాగర మథన శిల్పం మనకు ఎదురవుతుంది. అంగళ్ళకై ఎక్కువ సమయం కేటాయించే ఈ నగరంలో భక్తులు అడిగి చూడవలసినది దేవస్థాన్ అనే చిన్న ఆలయం. దానిని 1784లో మొదటి రామ చక్రవర్తి కట్టించారు. అక్కడి రాజపురోహితులు బ్రాహ్మణులు. ప్రతి ఏటా మన ధనుర్మాసానికి దగ్గరి రోజులలో వారు జరిపే ఉత్సవం పేరు త్రియంపావై, త్రిపావై. ఇవి తిరువెంబావై, తిరుప్పావై అనే తమిళ నామాల రూపాంతరాలు. ఆ పాశురాల ఉచ్చారణ మారిపోయి అర్థం మరుగుపడినా, వారు పఠనం మానలేదు. ప్రతి ధనుర్మాసంలో తిరుప్పావై వినే మన తెలుగు భక్తులకు ఇది కొత్త చోటు అనిపించదు. మరకత బుద్ధాలయపు ప్రాకార కుడ్యాలపై రామాయణ చిత్రాలున్నాయి. వాటిని చూచుటకు రెండు గంటలైనా చాలవు. బృందానికి ఇచ్చేది అరగంట!

బ్యాంకాక్ నుండి కంబోడియాలోని సియెం రీప్ చేరుతారు. అంగ్‌కోర్ వాట్ అక్కడికి సమీపంలోనే ఉన్నది. 12వ శతాబ్దపు పూర్వార్ధంలో రెండవ సూర్యవర్మ దీనిని విష్ణ్వాలయంగా నిర్మించాడు. చుట్టూ సుమారు 190 మీటర్ల వెడల్పుగల కందకం, మధ్య సుమారు 65 మీటర్ల ఎత్తైన శిఖరం. ఆ రాజు మరణానంతరం పరమవిష్ణులోక అనే నామాన్ని పొందాడు. కాలక్రమంలో ఇది బౌద్ధక్షేత్రంగా మారినది. నేడు కాషాయాంబరధారులైన భిక్షువులు అక్కడ కనిపిస్తారు. ఆరాధన రూపం మారినది గాని ఆలయం పూర్తిగా పాడుపడలేదు. పశ్చిమ గోపురంలో అష్టభుజ విష్ణుమూర్తిగా చెప్పబడే పెద్ద విగ్రహం ఒకటి ఉన్నది. స్థానికులు దానిని తా రీచ్ అని పిలిచి, ధూపం వెలిగించి, వస్త్రం కప్పి, మ్రొక్కుకొంటారు. "ఇక్కడ దేవుడు లేడు" అనేవారు బహుశా ఆ ద్వారంలో ఆగకుండా లోపలికి పరుగెత్తినవారే.

ఇక్కడ మన భక్తులను కలవరపెట్టే విశేషం ఒకటి కలదు. ఈ ఆలయం పశ్చిమాభిముఖం. లోపలి ప్రాకార కుడ్యాలపై చెక్కిన కథలను వరుసగా చూడవలెనంటే పశ్చిమద్వారం నుండి కుడికి తిరిగి దక్షిణం, తూర్పు, ఉత్తరం మీదుగా నడవాలి. అప్పుడు ఆలయం మనకు ఎడమచేతి వైపున ఉంటుంది. అనగా అది ప్రదక్షిణం కాదు, అప్రదక్షిణం. మొదట కురుక్షేత్రం, తరువాత సూర్యవర్మ ఊరేగింపు, యమధర్మరాజు తీర్పు, స్వర్గ నరకాలు, తూర్పున క్షీరసాగర మథనం, చివరకు లంకాయుద్ధం. పితృకార్యాలలో అపసవ్యం విధి అని మనకు తెలిసినదే. పశ్చిమ ముఖాన్ని, ఈ వరుసను బట్టి, ఆలయానికి రాజు ఉత్తరక్రియలతో సంబంధం ఉన్నదని పలువురు పండితులు భావించారు. కనుక శిల్పుల పొరపాటని అనుకోరాదు. వెలుపలి ఆవరణలో మన అలవాటు ప్రకారం ప్రదక్షిణం చేసి, శిల్పాలను వారు చెక్కిన వరుసలోనే చూచుట మంచిదని మా అభిప్రాయం. ఇందులో దోషమేమియు లేదు.

క్షీరసాగర మథన ఫలకం దాదాపు 49 మీటర్ల పొడవు. ఒకవైపు అసురులు, ఒకవైపు దేవతలు వాసుకిని లాగుతున్నారు. నడుమ చతుర్భుజుడైన విష్ణువు, క్రింద కూర్మము, పైన ఎగురుచున్న అప్సరసలు. ఈ మండపంలో కప్పు బాగుచేయుట మొదలైన సంరక్షణ పనులను 1986 నుండి 1993 వరకు మన భారత పురావస్తు శాఖవారు చేశారు. పై అంతస్తునకు మెట్లు మిక్కిలి నిటారుగా ఉంటాయి. మోకాళ్ళ నొప్పి గలవారు క్రిందనుండే నమస్కరించవచ్చు. బౌద్ధ పర్వదినాలలో ఆ అంతస్తునకు ఎవరినీ అనుమతించరు. భుజాలు, మోకాళ్ళు కప్పుకొనుట అక్కడి నియమం. మన పంచె, చీర సరిపోతాయి.

చాలా బృందాలు అంగ్‌కోర్ నుండి నేరుగా విమానాశ్రయానికి పోతాయి. వీలుంటే ఇంకొకరోజు అడగండి. కులెన్ పర్వతప్రాంతంలో క్బాల్ స్పియాన్ అనే సెలయేరున్నది. ఏటి అడుగున రాతిపై వందలాది శివలింగాలను, శేషశాయియైన విష్ణుమూర్తిని 11వ శతాబ్దంలో చెక్కారు. అడవిలో సుమారు ఒకటిన్నర కిలోమీటర్లు ఎక్కాలి. ఆ లింగాల మీదుగా ప్రవహించిన జలమే క్రింది మైదానాలకు చేరుతుంది. అర్చకుడు లేడు, కలశం లేదు, అభిషేకం మాత్రం తొమ్మిది వందల ఏండ్లకు పైగా ఆగలేదు. ప్రకృతి సౌందర్యాన్ని వేరుగా, దేవాలయాన్ని వేరుగా చూపే కార్యక్రమ పత్రాలు ఇక్కడ పనికిరావు. ఎండకాలంలో నీరు సన్నగిల్లుతుంది కనుక వర్షాలు తగ్గే కార్తీకమాసం అనువైనది. కాలిబాట మాత్రం వదలరాదు. యుద్ధకాలంలో పాతిన మందుపాతరలు ఆ దేశపు అడవులలో ఇంకా అక్కడక్కడ మిగిలి ఉన్నాయి.

తరువాతిది వియత్నాం. నడి వియత్నాంలో చంపా రాజ్యం ఉండేది. దాని విభాగాలలో ఒకదాని పేరు అమరావతి! కృష్ణాతీరపు అమరావతిని ఎరిగిన మనకు ఆ పేరు విని ఒళ్ళు పులకరించుట సహజం. ఆ ప్రాంతంలోనే మీ సన్ అనే పర్వతపరివేష్టితమైన లోయ ఉన్నది. 4వ శతాబ్దాంతంలో భద్రవర్మ అనే రాజు ఇక్కడ శివుని భద్రేశ్వరుడను పేర ప్రతిష్ఠించాడు. తరువాత ఎన్నో శతాబ్దాలపాటు రాజులు ఇటుక ఆలయాలు కడుతూ వచ్చారు. 1969 ఆగస్టులో అమెరికా విమానాలు వేసిన బాంబులకు వాటిలో అనేకం కూలిపోయాయి. గుంటలు నేటికీ కనిపిస్తాయి. 2017 నుండి భారత పురావస్తు శాఖవారు కొన్ని ఆలయాలను బాగుచేశారు. ఆ పనిలో ఉండగానే 2020 మే నెలలో 9వ శతాబ్దపు ఏకశిలా శివలింగం ఒకటి చెక్కుచెదరకుండా బయటపడినది.

మీ సన్‌లో పూజ లేదు. అక్కడ మౌనంగా కూర్చొనుటే పూజ. కూర్చొన్నప్పుడు ఒక రాజును స్మరించండి. అతని పేరు గంగారాజు. 7వ శతాబ్దంలో ప్రకాశధర్మ అనే చంపారాజు మీ సన్‌లో వేయించిన సంస్కృత శాసనంలో ఇతని ప్రస్తావన ఉన్నది. విడుచుటకు కష్టమైన రాజ్యాన్ని విడిచి, గంగాదర్శనమే పరమానందమని తలచి, ఇతడు జాహ్నవీ తీరానికి వెళ్ళాడని దాని తాత్పర్యం. విమానం లేదు, మార్గదర్శి లేడు, తిరుగు ప్రయాణపు నిశ్చయమూ లేదు. మనం వారి దేశానికి వెళ్ళుట కొత్త అనుకొంటున్నాము. వారు మన గంగ కొరకు ఏనాడో బయలుదేరారు. "అదంతా మనదే" అనే మాట ఈ రాజును తలచుకొన్న తరువాత నోటికి రాదు. ఆ ఆలయాలను నిర్మించినవారు ఖ్మేరులు, చాములు, జావావారు. సంస్కృతాన్ని నేర్చి స్వయంగా శ్లోకాలు కూర్చి శిలలపై వ్రాసుకొన్న ఆ జాతులను మన సహాధ్యాయులనుట న్యాయం.

భోజనం విషయం ఇక్కడే చెప్పుకోవాలి. ఈ దేశాలలో కూరలలోను, పులుసులలోను చేపలనుండి తీసిన రసం వేయుట మామూలు. "మాంసం వద్దు" అంటే చాలదు. థాయిలాండులో జే అంటే శాకాహారమని వారికి తెలుస్తుంది. అందులో ఉల్లి, వెల్లుల్లి కూడా ఉండవు. వియత్నాంలో చాయ్ అనాలి. అది తేనీరు కాదు, శాకాహారానికి వారి మాట. ఏకాదశి నియమం ఉన్నవారు ఎండుఫలాలు వెంట ఉంచుకొనుట మేలు.

జావా ద్వీపంలో ప్రంబానన్ శివాలయం 47 మీటర్ల ఎత్తు. దానికి ఇరువైపుల బ్రహ్మ, విష్ణు ఆలయాలు. 9వ శతాబ్దపు ఈ క్షేత్రానికి సంబంధించినదిగా భావించే శాసనం 856వ సంవత్సరానిది. ఇక్కడి రామాయణ శిల్పాలు శివాలయంలో మొదలై బ్రహ్మాలయంలో ముగుస్తాయి. వీటిని ప్రదక్షిణంగానే చూడాలి. భూకంపాలకు కూలి, చిరకాలం రాళ్ళగుట్టగా పడియున్న శివాలయాన్ని ఒక్కొక్క రాయి పేర్చి 1953లో పునరుద్ధరించారు. 2006 భూకంపంలో మరల దెబ్బతిన్నది. 2019లో ఇండోనేషియా హిందువులు ఇక్కడ అభిషేకోత్సవం జరిపారు. ఆగిన ఆరాధన తిరిగి చిగురించుట ఇక్కడ చూడవచ్చు. దూరాన మెరాపి అగ్నిపర్వతం పొగలు క్రక్కుతూ ఉంటుంది.

చివరి మజిలీ బాలి. ఇక్కడ ఆరాధన ఎన్నడూ ఆగలేదు. ప్రతి ఇంట, ప్రతి అంగడి ముందు తాటాకు లేక కొబ్బరియాకు దొన్నెలో పుష్పాలు ఉంచుతారు. నేలపై ఉన్న వాటిని తొక్కకుండా నడవాలి. అగుంగ్ పర్వతసానువులలోని బెసాకి వారికి ప్రధాన క్షేత్రం. 1963లో ఆ పర్వతం బ్రద్దలై వెయ్యిమందికి పైగా మరణించారు. లావా ప్రవాహం బెసాకి ఆలయాన్ని తాకకుండా ప్రక్కనుండి పోయినది. లోపలి ప్రాకారాలలోనికి చూడవచ్చినవారిని పంపరు, పూజకు వచ్చినవారికే ప్రవేశం. నడుమునకు వస్త్రం, దానిపై పట్టీ కట్టుకొని, వారి అర్చకుని అనుమతి కోరి, వారితోపాటు నేలపై కూర్చొనండి. మన మంత్రాలు గట్టిగా చదివి వారికి నేర్పబోవద్దు. ముందు రిక్తహస్తాలతో, తరువాత సూర్యునికి పుష్పంతో, పిమ్మట ఇష్టదేవతకు, ఆపైన అనుగ్రహానికి, చివర మరల రిక్తహస్తాలతో, ఇట్లు అయిదుసార్లు నమస్కారం. తరువాత తీర్థం చల్లి, మూడుమార్లు పుచ్చుకొనుటకు ఇస్తారు. తడి బియ్యపు గింజలను నుదుట అద్దుతారు. వారి మతానికి ఆగమ తీర్థ అనే పేరు కూడా ఉండేది.

ఆ తీర్థం ఏ నదిదో అడిగితే సమాధానం వింతగా ఉంటుంది. కొండ ఊటల నుండి తెచ్చిన నీటిని పెదండ అనే బ్రాహ్మణ పురోహితుడు పాత్రలో ఉంచి, ఘంట మ్రోగిస్తూ, గంగా సింధు సరస్వతీ యమునా సరయూ నదులను అందులోనికి ఆవాహన చేస్తాడు. వాటిలో ఒక్కదానినైనా చూడని గ్రామీణులు దోసిలి పట్టి నిలుస్తారు. గంగారాజు గంగ వద్దకు వెళ్ళాడు. వీరు గంగను ప్రతిదినం తమ వద్దకు పిలుచుకొంటున్నారు. మీ వంతు వచ్చినప్పుడు కుడి అరచేతి క్రింద ఎడమచేతిని ఆనించి పట్టండి.

బాలి ప్రయాణపు తేదీ నిర్ణయించేవారు న్యేపి పర్వాన్ని ముందుగా చూచుకోవాలి. అది వారి శకసంవత్సరాది. సాధారణంగా మార్చి నెలలో అమావాస్య మరునాడు వస్తుంది. 2023లో మన ఉగాది, వారి న్యేపి మార్చి 22ననే వచ్చాయి. ఆ రోజు ఎవరూ వీధిలోకి రారు, దీపం వెలిగించరు, విమానాశ్రయం కూడా ఇరవై నాలుగు గంటలు మూసివేస్తారు. బృందంవారికి బసలోనే ఉండక తప్పదు. జపం చేసుకొనే అలవాటున్నవారు కోరి ఆ తేదీలకే వెళ్ళవచ్చు.