నిరుద్యోగము : కురుపాం కొండల నుండి ఒక పరిశీలన

నేడు మన దేశమును వేధించుచున్న సమస్యలలో నిరుద్యోగము ముందుగా పేర్కొనదగినది. పట్టా చేతబట్టుకొని దరఖాస్తులు పెట్టుకొను యువకుడే నిరుద్యోగి యని మనలో చాలమంది భావింతురు. అది సగము సత్యము మాత్రమే. మిగిలిన సగమును తెలిసికొనుటకు తూర్పు కనుమలలోని కురుపాం ప్రాంతమును ఉదాహరణముగా గైకొనుచున్నాము.

ఒకప్పుడు జమీందారీ కేంద్రమైన కురుపాం 1979లో విజయనగరం జిల్లాలోను, 2022 ఏప్రిల్ 4న పార్వతీపురం మన్యం జిల్లాలోను చేరినది. చుట్టునున్న కొండలలో సవరలు, జాతాపులు, గదబలు నివసించుచున్నారు. పోడు, కొద్దిపాటి పల్లపు సేద్యము, జీడితోటలు, అటవీ ఫలసాయము వీరి జీవనాధారములు.

నిరుద్యోగ మనగా నేమి?

ప్రభుత్వ గణాంకములు వారపు లెక్కన తీయునపుడు, గడచిన ఏడు దినములలో ఒక్క గంట పని చేసినవాడు కూడ ఉద్యోగి క్రిందనే జమ. ఈ కొలతతో చూచిన కొండ గ్రామములలో నిరుద్యోగి అరుదుగా కానవచ్చును. పనిలేక ఊరక కూర్చుండు స్తోమత పేదవానికి లేదు గదా! అందుచేత ఆర్థికశాస్త్రజ్ఞులు ఈ సమస్యను విభజించి చూపుదురు. ఇద్దరు చేయదగిన చేనిపనిని ఐదుగురు పంచుకొనుట ప్రచ్ఛన్న నిరుద్యోగము. పంట ఇల్లు చేరిన పిదప మరల తొలకరి వరకు పని దొరకకుండుట ఋతు నిరుద్యోగము. చదువునకు తగిన కొలువు లభింపకుండుట విద్యావంతుల నిరుద్యోగము. కురుపాం కొండలలో ఈ మూడును కలవు.

కారణములు

మొదటి కారణము భూమి. వర్షాధారమైన కొండవాలు చెక్క కుటుంబమునకు ఏడాది పొడవున పని చూపజాలదు. ఉన్న పల్లపు భూమి కూడ పూర్వము అప్పుల క్రింద షావుకార్ల వశమయ్యెను. ఈ అన్యాయమే గిరిజనోద్యమమునకు దారితీసినది. 1967 అక్టోబరు 31న ఈ ప్రాంతమునందలి లేవిడి వద్ద ఇద్దరు గిరిజనులు కాల్పులలో ప్రాణములు గోల్పోయిరి. అటుపిమ్మట భూబదలాయింపు నిబంధనలు 1970లో కట్టుదిట్టమైనవి. షెడ్యూలు ప్రాంతములో గిరిజనుని భూమిని గిరిజనేతరుడు కొనరాదు. భూమి కొంత నిలిచినది గాని ఆ భూమిపై పని పెరుగలేదు.

రెండవ కారణము మరింత లోతైనది. కొండమీద పండినది కొండమీద తయారు కాదు. జీడిగింజలు పచ్చిసరుకుగానే సంచులలో దిగిపోవును. వానిని కాల్చి, పగులగొట్టి, పొట్టు తీసి, పప్పుగా మార్చు పని పలాస వంటి పట్టణములలో జరుగును. చింతపండు గింజతోనే తూకమునకు పోవును. గింజ తీసి, అచ్చువేసి అమ్మినచో వచ్చు అధిక మూల్యము మరియొకరికి దక్కును. కొండచీపుర్ల సంగతియు నంతే. సరుకుతోబాటు పనియు కొండ దిగుచున్నది. పని వెనుక యువకులును దిగుచున్నారు.

ఈ వలస యొక్క మూల్యమెంతయో 2014 జూన్ 28న చెన్నై నగర శివారు మౌలివాక్కంలో కూలిన పదకొండు అంతస్తుల భవనము చెప్పినది. అందు 61 మంది మరణించిరి. వారిలో మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల కూలీలు అనేకులు. స్వగ్రామమున పని దొరకిన నాడు వారు అచటికి పోవలసిన అవసరము ఉండెడిది కాదు.

మూడవ కారణము విద్య. సవర బిడ్డ ఇంట ఒక భాష మాటలాడి, బడిలో మరియొక భాషలో అక్షరాభ్యాసము చేయును. పర్లాకిమిడిలో ఉపాధ్యాయులైన గిడుగు రామమూర్తి పంతులుగారు ఈ చిక్కును ఏనాడో గ్రహించి, తాము సవర భాష నేర్చి, సవరలకు బడులు పెట్టించిరి. ఆ దారిని ప్రభుత్వములు చాలకాలము విస్మరించినవి. పునాది బలహీనమైనచో పోటీ పరీక్షలో నెగ్గుట ఎట్లు?

ప్రభుత్వ చర్యలు

ప్రభుత్వములు ఊరకుండలేదు. దళారుల బెడద తగ్గించుటకు 1956లో గిరిజన సహకార సంస్థ ఏర్పడినది. అయిదవ పంచవర్ష ప్రణాళికలో గిరిజన ఉపప్రణాళిక ఆరంభమైనది. 1979లో గ్రామీణ యువకులకు స్వయం ఉపాధి శిక్షణ పథకము, 1980లో జాతీయ గ్రామీణ ఉపాధి కార్యక్రమము వచ్చినవి. 2005 నాటి ఉపాధి హామీ చట్టము పనిని దయగా గాక హక్కుగా జేసి, గ్రామీణ కుటుంబమునకు ఏడాదికి 100 దినములు పని చూపవలెనని శాసించినది. 2006 ఫిబ్రవరిలో తొలి విడతగా అమలైన 200 జిల్లాలలో విజయనగరం ఒకటి. 2025 డిసెంబరులో పార్లమెంటు దాని స్థానమున వేరొక చట్టము చేసి, దినములను 125గా నిర్ణయించినది. 2006 నాటి అటవీ హక్కుల చట్టము సాగుదారునకు పట్టా హక్కునిచ్చినది. 2018లో వచ్చిన వన్‌ధన్ పథకము ఫలసాయమును గ్రామముననే శుద్ధిచేయ నుద్దేశించినది.

విద్యావంతుల విషయమున ముఖ్యమైనది 2000 జనవరి 10 నాటి 3వ నంబరు ఉత్తర్వు. షెడ్యూలు ప్రాంత పాఠశాలలలో ఉపాధ్యాయ పదవులన్నియు స్థానిక గిరిజనులకే అని అది నిర్ణయించెను. బయటి ఉపాధ్యాయులు కొండ బడులకు సరిగా రాకపోవుట దానికి హేతువు. 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు, నూటికి నూరు రిజర్వేషను రాజ్యాంగ సమ్మతము కాదని ఆ ఉత్తర్వును కొట్టివేసినది. సమానావకాశమను న్యాయము ఒకవైపు, బిడ్డల భాష నెరిగిన గురువు కావలెనను అవసరము మరియొకవైపు. తీర్పును గౌరవించుచునే, స్థానిక భాషాజ్ఞానమును నియామకమున ఒక అర్హతగా పాటింపవచ్చునేమో పాలకులు ఆలోచింపవలెనని మా అభిప్రాయము.

మన కర్తవ్యము

పై పథకములలో అధిక భాగము పనిదినములను పంచినవి. మట్టిపని ఆకలిని ఆపును. దానిని మేము తక్కువ చేయము. కాని మట్టిపని వలన యువకునకు వృత్తి అలవడదు. పనిని కొండమీదనే నిలుపు విధానములు ఇంకను బలపడవలెను. జీడిపప్పు తీయు చిన్న కేంద్రములు, చింతపండు అచ్చువేయు యంత్రములు, సరుకు దాచు గిడ్డంగులు, వానిని నడపుటకు శిక్షణ పొందిన స్థానిక యువతీయువకులు కావలెను. 2020 అక్టోబరు 2న కురుపాం గిరిజన ఇంజనీరింగు కళాశాలకు శంకుస్థాపన జరిగినది. అట్టి విద్యాలయములందు నేర్పు విద్య, ఆ కొండల సరుకునకును పనికిని ముడిపడి యుండవలెను.

విద్యార్థి సోదర సోదరీమణులారా! ఈ సమస్య కురుపాంకు మాత్రమే పరిమితమని తలంపకుడు. మన వీధిలో పండునది, కుట్టునది, అల్లునది ఏదియో, దాని తుది మూల్యము ఎవరికి దక్కుచున్నదో ఒక్కసారి విచారింపుడు. ఉద్యోగమునకై ఎదురుచూచు కాలమున ఒక చేతివృత్తి నేర్చుకొనుడు. కళాశాల పాలకవర్గము వారు పాఠ్యక్రమముతోబాటు లెక్కలు వ్రాయుట, యంత్రముల మరమ్మతు, సరుకుల విక్రయము వంటి వృత్తులలో సాయంకాల తరగతులు నెలకొల్పినచో ఎందరికో మేలు చేసినవారగుదురు.

పని కొండ దిగకుండ నిలిచిన నాడు కన్నబిడ్డలును ఇల్లు విడువక నిలుతురు. ఆ దినము త్వరలో రావలెనని ఆశించుచున్నాము.